నేను కొట్టేసిన వాగు

రోడ్ల శాఖలో సర్వే పనికి కొత్తగా చేరిన కుర్రవాళ్ళు అప్పుడప్పుడు మా ఇంటికి వచ్చి, మీ అనుభవంలోంచి రెండు మంచి మాటలు చెప్పండి అని అడుగుతుంటారు. మంచి మాటలు మా శాఖలో పదవీ విరమణ సభ రోజున పూలదండతో పాటు అందరికీ దొరుకుతాయి. నా దగ్గర మిగిలినవి వేరే రకం. నాకు ఏ హోదా ఎప్పుడు వచ్చిందో, ఏ ఫైలు ఏ బల్ల మీద ఎన్నాళ్ళు నిద్రపోయిందో చెప్పి మిమ్మల్ని కూడా నిద్రపుచ్చను. చిలకలూరిపేట దగ్గర మేము వేసిన పది మైళ్ళ రోడ్డు గురించి చెబుతాను. ఈ ఉద్యోగం గురించి నాకు తెలిసిందంతా ఆ పది మైళ్ళలోనే ఉంది.

మా పని ఏమిటంటే

బంధువులెవరైనా అడిగితే "దేశానికి దారులు వేస్తున్నాం" అనేవాణ్ణి. నిజానికి నేను చేసేది ఎండలో మూడు కాళ్ళ యంత్రం వెనక ఒక కన్ను మూసుకుని నిలబడటం. దూరాన ఒక మనిషి అంకెలున్న కర్ర పట్టుకుని నిలబడతాడు. ఆ అంకె చదివి పుస్తకంలో రాయాలి. నేల ఎక్కడ మెరకో ఎక్కడ పల్లమో ఆ అంకెలు చెబుతాయి. ఆఫీసులో వాటిని కాగితం మీద గీతగా మారుస్తారు. ఆ గీతను పెద్దవాళ్ళు స్కేలు పెట్టి సరిచేస్తారు. సరిచేసిన గీత మళ్ళీ పొలాల మీదికి వస్తుంది. ఈ రాకపోకల్లో ఎక్కడో ఒకచోట అసలు నేల జారిపోతుంది. అది జారిపోయిందని మాకు తెలిసేది వర్షం వచ్చాకే.

యాభైల చివర్లో నన్ను పేటకు వేశారు. అప్పటికి మద్రాసు ట్రంకు రోడ్డు పక్కన నాలుగైదు జిన్నింగు మిల్లులు లేచాయి. పత్తి మాత్రం లోపలి ఊళ్ళలో పండేది. అక్కణ్ణుంచి మిల్లుకు రావాలంటే ఎడ్లబండికి ఒక పూట పట్టేది, వాన పడితే ఎన్ని పూటలో ఎద్దులకే తెలియాలి. అంతా నల్లరేగడి. వేసవిలో ఆ నేల నెర్రెలు విచ్చి నోళ్ళు తెరుచుకునేది. నా మొదటి ఏప్రిల్‌లో ఒక నెర్రెలో నా పెన్ను జారిపడింది. మోచేతి దాకా చెయ్యి దూర్చినా అందలేదు. మామగారు పెట్టిన పెన్ను. ఆయనకు మాత్రం రైల్లో పోయిందని చెప్పాను. నేల మింగిందంటే నమ్మేవారు కాదు.

నాకు కొలత గొలుసు లాగడానికీ, కర్ర పట్టడానికీ ఇచ్చిన మనిషి పేరు ఏసుపాదం. మేము వెయ్యబోయే రోడ్డుకు ఐదో మైలు దగ్గర ఒక పాలెం ఉంది. చిన్న చర్చి, ముప్పై నలభై మట్టిగోడల ఇళ్ళు. అతనిది అక్కడే. అప్పటికి పదకొండేళ్ళుగా మా శాఖలో తాత్కాలిక ఉద్యోగి. పదకొండేళ్ళు తాత్కాలికంగా ఉండటం ఎలాగో నేర్చుకోవాలంటే ప్రభుత్వంలోనే చేరాలి. మధ్యాహ్నం నేనొక చెట్టు కింద, అతనొక చెట్టు కింద కూర్చుని అన్నం తినేవాళ్ళం. ఆ దూరాన్ని ఏ గొలుసుతోనూ కొలవలేదు. అది నాకు ఆ రోజుల్లో తప్పుగా కూడా తోచలేదు. ఇది గొప్పగా చెప్పడం లేదు, జరిగింది కాబట్టి రాస్తున్నాను.

నడిచే రాళ్ళు

అప్పటికున్న బండ్లబాట హద్దులకు మొదటి వేసవిలో రాళ్ళు పాతాం. వానలు వెళ్ళాక చూస్తే ఆరు రాళ్ళు వాటి చోట లేవు. ఒకటి పక్కకు ఒరిగింది, ఒకటి జానెడు జరిగింది, ఒకటి పైకి లేచి కూర్చుంది.

మా పెద్ద ఇంజనీరు దివాకరం గారు గుంటూరు నుంచి జీపులో వచ్చి చూశారు. ఆయన చాలా చదువుకున్న మనిషి. తెల్లటి దుస్తులు, తెల్లటి బూట్లు, జేబులో ఎప్పుడూ ఒక అడుగు స్కేలు. చూసిన వెంటనే, రైతులు రాళ్ళు జరిపి సర్కారు భూమి కలుపుకుంటున్నారని తేల్చి, పోలీసులకు ఉత్తరం రాయమన్నారు. నేను రాశాను కూడా. అది తపాలాలో పడేలోపు ఏసుపాదం నన్ను ఒరిగిన రాయి దగ్గరికి తీసుకుపోయాడు.

"రాయిని ఎవరూ జరపలేదండి. ఎండకి నేల నోరు తెరిచింది, వానకి మూసింది. ఆ మధ్యలో ఇది ఊగింది. అడుగున సుద్ద తగిలిందాకా తవ్వి పాతండి, ఇంక కదల్దు" అన్నాడు.

నాలుగడుగులు తవ్వితే తెల్లటి సుద్ద తగిలింది. అక్కడ పాతిన రాళ్ళు తరవాతి వానలకు చెక్కుచెదరలేదు. ఆ సంగతి దివాకరం గారికి చెప్పాను. నెల తిరక్కుండా మా శాఖలో అన్ని ఆఫీసులకూ ఒక సర్క్యులర్ వెళ్ళింది, రేగడి నేలల్లో హద్దురాళ్ళు లోతుగా పాతే పద్ధతిని పెద్ద ఇంజనీరు గారు దీర్ఘ పరిశీలనతో కనుగొన్నారని. ఏసుపాదానికి చదివి వినిపిస్తే పకపకా నవ్వి, "దీర్ఘమంటే ఎంతండీ?" అని అడిగాడు.

ఈ సంగతి ఎందుకు చెప్పానంటే, ఆ నేల గురించి ఎవరి మాట వినాలో నాకు మొదటి ఏడాదే తెలిసింది. తరవాత నేను చేసింది తెలియక చేసింది కాదు.

తిన్నని గీత

పాత బండ్లబాట వంకర్లు తిరుగుతూ పోయేది. పాలెం దాటాక ఉత్తరంగా మైలున్నర చుట్టు తిరిగి, ఒక మెరక మీదుగా వెళ్ళి, మళ్ళీ దక్షిణానికి దిగేది. దివాకరం గారు పటం మీద ఆ బాటను చూసి "ఇది ఎడ్లు వేసిన రోడ్డు" అని నవ్వారు. జేబులోంచి స్కేలు తీసి ఈ కొస నుంచి ఆ కొసకు తిన్నగా గీత గీశారు. గీత అందంగా ఉంది. మైలు తగ్గింది. పాలెం దాటాక కోటయ్య గారి కొత్త జిన్నింగు మిల్లు గేటు కూడా సరిగ్గా గీత మీదికి వచ్చింది. యాదృచ్ఛికం అన్నారు. మా శాఖలో యాదృచ్ఛికాలు ఎప్పుడూ స్థితిమంతుల గేటు ముందే జరిగేవి.

ఆ గీత వెంట కొయ్యమేకులు కొట్టుకుంటూ పోతున్నాం. పాలెం దాటాక ఒక వెడల్పాటి పల్లం వచ్చింది. చూడటానికి మామూలు పత్తిచేనే. కూలీ ఆడవాళ్ళు వరస కట్టి పత్తి తీస్తున్నారు. నా యంత్రంలో మాత్రం అంకెలు పడిపోతున్నాయి. ఈ గట్టుకూ ఆ గట్టుకూ నూట ఇరవై అడుగులు, మధ్యలో మనిషి లోతు పల్లం.

పత్తి తీస్తున్నవాళ్ళలో ఏసుపాదం తల్లి సువార్తమ్మ ఉంది. అరవై దాటిన మనిషి. ఒడి నిండా పత్తితో వచ్చి, మేము కొట్టిన మేకు వంక ఒకసారి, నా వంక ఒకసారి చూసింది.

"బాబుగారూ, వాగులో మేకులు కొడతన్నారేందండీ?" అంది.

వాగెక్కడ అన్నాను. ఆమె నన్ను గట్టు మీది నల్లతుమ్మ దగ్గరికి తీసుకువెళ్ళింది. కొమ్మల్లో, నా ఛాతీ ఎత్తున, ఎండుగడ్డీ చితుకులూ చిక్కుకుని గూడు కట్టాయి. ఏ పిట్టా అంత వికారంగా గూడు కట్టదు. ఎనిమిదేళ్ళ కిందట వాగు వచ్చినప్పుడు చిక్కుకున్న చెత్త అదని చెప్పింది. అంతకు ముందు ఆమె చిన్నతనంలో ఒకసారి వచ్చిందట, మధ్యలో ఇంకోసారి. అందుకే బాట మెరక మీదుగా చుట్టు తిరిగిందని, ఆ మాత్రం తెలియకుండానే ఇంత పెద్ద యంత్రం మోసుకొచ్చారా అని ఆశ్చర్యపోయింది.

ఆ సాయంత్రం నా ఫీల్డు పుస్తకంలో సిరాతో రాశాను: వాగు, వెడల్పు నూట ఇరవై అడుగులు, వరద గుర్తు ఉంది, అయిదు ఖానాల వంతెన అవసరం. ఖానా అంటే వంతెన కింద నీళ్ళు పారే ఒక్కో సందు.

వారం తరవాత దివాకరం గారు గుంటూరు ఆఫీసుకు పిలిపించి ఆ పేజీ తెరిచి నా ముందు పెట్టారు.

"ఈ వాగులో నీళ్ళు మీరు చూశారా?"

"లేదు సార్."

"చూడనిదాన్ని ఎలా రాశారు?"

"అక్కడి మనుషులు చెప్పారు సార్. గుర్తు కూడా చూశాను."

"అక్కడి మనుషులు దయ్యాల్ని కూడా చూశామంటారు. వాటికీ వంతెన కడదామా?"

గదిలో ఉన్న గుమాస్తాలు నవ్వారు. నేను కూడా నవ్వాను. ఆ నవ్వు నాకు ఇంకా గుర్తుంది. వంతెన అంటే కొత్త అంచనాలు, కొత్త మంజూరు, ఏడాది ఆలస్యం. మంత్రిగారు ప్రారంభానికి అప్పటికే తేదీ ఇచ్చేశారు. రెండు గొట్టాల తూములు చాలన్నారు. పుస్తకం నా వైపు జరిపి పెన్ను మూత తీసి ఇచ్చారు. చాలా మర్యాదగా ఇచ్చారు.

మా పనిలో ఒక నియమం ఉంది. ఫీల్డు పుస్తకంలో రాసింది చెరపకూడదు. తప్పయితే అడ్డంగా గీత కొట్టి పక్కన రాయాలి. నేను నియమం తప్పని మనిషిని. 'వాగు' అన్నదాన్ని అడ్డంగా కొట్టేసి, పక్కన 'పల్లం, సాగుభూమి' అని రాసి, పొట్టి సంతకం చేశాను. అర నిమిషం పట్టింది. వేల ఏళ్ళుగా ఉన్న వాగు అర నిమిషంలో పోయింది.

మర్నాడు ఏసుపాదం వంతెన సంగతి ఏమైందని అడిగాడు. తూములు వేస్తారని చెప్పాను. అతను గొలుసు భుజాన వేసుకుని ముందుకు నడిచాడు.

రోడ్డు మీద మిరపకాయలు

రోడ్డు పూర్తయింది. రేగడి పొలాల మీద అయిదడుగుల ఎత్తున కట్ట పోసి, పైన కంకర పరిచి తారు వేశాం. మంత్రిగారు వచ్చి రిబ్బను కత్తిరించి, మీ ఊళ్ళకు నాగరికత వచ్చింది అన్నారు. రైతులు చప్పట్లు కొట్టారు. తరవాతి వారం నుంచి ఆ నాగరికత మీద మిరపకాయలు ఆరబోశారు.

వాళ్ళను తప్పుపట్టడానికి లేదు. చదునుగా, గట్టిగా, వేడిగా ఉన్న కల్లం మైళ్ళ పొడవున సర్కారువారే చేసిపెట్టారు. ఫిబ్రవరి వచ్చేసరికి రోడ్డు ఎర్రగా మారిపోయింది. దివాకరం గారికి కబురు తెలిసి, స్వయంగా ఖాళీ చేయించడానికి జీపులో బయలుదేరారు. డ్రైవరు ఆగబోతే పోనియ్యమన్నారట. ఎండిన కాయల మీద జీపు అరమైలు పరుగెత్తింది. పైకప్పు లేని జీపు. నేను ఎదురు వెళ్ళేసరికి పెద్ద ఇంజనీరు గారు రోడ్డు పక్కన కూర్చుని రెండు కళ్ళూ చేతులతో మూసుకుని తుమ్ముతున్నారు. మిరపకాయలు పోసిన రైతే కడవతో నీళ్ళు తెచ్చి మొహం కడిగాడు. ఆయన ఆ రోజు ఉత్తర్వు ఏమీ జారీ చెయ్యలేదు.

ఆ ఏడాదీ, తరవాతి ఏడాదీ వానలు అంతంత మాత్రమే. తూముల్లో మేకలు పడుకునేవి. కోటయ్య గారు రోడ్డుకు దిగువన వాగు పల్లాన్ని సగం మట్టితో పూడ్చి, మిల్లుకు గోడౌను కట్టారు. దివాకరం గారు కనిపించినప్పుడల్లా "ఏమండీ, మీ వాగు వచ్చిందా?" అని పలకరించేవారు. నాకు కూడా నమ్మకం కుదిరింది. నేనే పొరపాటు పడ్డానేమో అనుకున్నాను. తప్పు చేసినవాడికి రెండేళ్ళ మంచి వాతావరణం చాలు, అది ఒప్పయిపోతుంది.

వాగు వచ్చిన రోజు

మూడో ఏడు కార్తీకంలో సముద్రంలో వాయుగుండం పట్టింది. రెండు రోజులు ఆగకుండా కురిసింది. మూడో రోజు పొద్దున కాస్త తెరిపి ఇస్తే సైకిలు వేసుకుని రోడ్డు చూడటానికి వెళ్ళాను.

అయిదో మైలు దాటేసరికి రోడ్డుకు ఒక పక్క పొలాలు, ఇంకో పక్క సముద్రం. ఎగువ నుంచి వచ్చిన నీళ్ళన్నీ మా కట్టకు ఆని ఆగిపోయాయి. రెండు తూములూ పత్తికట్టెతో, చెత్తతో పూడుకుపోయి బుడగలు వదులుతున్నాయి. పాలెం ఉన్నది ఎగువ వైపు. నీళ్ళు ఇళ్ళలోకి వెళ్ళిపోయాయి. ఆడవాళ్ళు పిల్లల్నీ గిన్నెల్నీ చర్చి అరుగు మీదికి చేరుస్తున్నారు. మట్టిగోడలు అడుగున నాని, ఒక్కొక్కటి మెత్తగా, పెద్ద చప్పుడు కూడా లేకుండా కూలుతున్నాయి.

రోడ్డు మీద పారలూ గడ్డపారలూ పట్టుకుని ఇరవై మంది మగవాళ్ళు నిలబడ్డారు. ముందు ఏసుపాదం. నన్ను చూసి దగ్గరికి వచ్చాడు.

"కట్ట కొడితే నీళ్ళు లాగేస్తాయండి. మీరు ఊఁ అనండి, కొడతాం."

ఇంతమంది మనుషులు నా నోటి వంక చూడటం అదే మొదటిసారి. ఊఁ అనడానికి ఎంతసేపు? కాని సర్కారు రోడ్డుకు గండి కొట్టమని చెప్పే అధికారం నాకు లేదు. గుంటూరుకు తంతి కొట్టి అనుమతి తెస్తాను, కాస్త ఆగండి అన్నాను. ఏసుపాదం నా మొహంలోకి చూశాడు. "వెళ్ళిరండి" అన్నాడు.

అయిదు మైళ్ళు ఎదురుగాలిలో తొక్కి పేట పోస్టాఫీసుకు వెళ్ళాను. తంతి తీగలు అంతకు ముందు రోజే తెగిపోయాయని అక్కడివాళ్ళు చెప్పారు. అయినా ఫారం నింపి ఇచ్చాను. అవును, నింపాను. తీగ లేని తంతికి తేదీ వేసి, సంతకం పెట్టి, రసీదు కూడా అడిగాను.

తిరిగి వెళ్ళేసరికి రోడ్డుకు గండి పడి ఉంది. నూట ఇరవై అడుగుల మేర కట్ట కొట్టుకుపోయి, నల్లటి బురదనీళ్ళు గర్జించుకుంటూ దిగువకు పోతున్నాయి. కోటయ్య గారి గోడౌను గోడ పడిపోయి పత్తి బేళ్ళు నీళ్ళలో దొర్లుతున్నాయి. మేము తూములు వేసిన చోట కాదు, సువార్తమ్మ చూపించిన చోట, నేను కొలిచినంత వెడల్పున వాగు పారుతోంది. మా అంచనా అంతా తప్పింది గానీ, నేను కొట్టేసిన కొలత మాత్రం అడుగు తేడా లేకుండా సరిపోయింది.

పాలెంలో నీళ్ళు గంటలో దిగిపోయాయి. ప్రాణనష్టం లేదు. కాని నేను ఫారం నింపుతున్న ఆ వేళలోనే గోడ కూలి సువార్తమ్మ మీద పడింది. తుంటి విరిగింది. ఆమెను తలుపు చెక్క మీద పడుకోబెట్టి మోసుకుపోతుంటే నేను సైకిలు పట్టుకుని పక్కకు తప్పుకుని దారి ఇచ్చాను. ఆ రోజు నేను చేసిన ఉపకారం అదొక్కటే.

దుండగులు

వారం తిరక్కుండా దివాకరం గారు రిపోర్టు తయారుచేశారు. వర్షపాతం సాధారణం, తూములు సరిపోయాయి, కొందరు దుండగులు రోడ్డు నరికి మిల్లుకూ ప్రభుత్వానికీ నష్టం కలిగించారు. అయిదుగురి పేర్లతో పోలీసు కేసు పెట్టారు. మొదటి పేరు ఏసుపాదం. అతన్ని పనిలోంచి అదే రోజు తీసేశారు. పదకొండేళ్ళ మీద ఇంకో అయిదు గడిచినా తాత్కాలికమే కాబట్టి ఒక చీటీ సరిపోయింది. రిపోర్టు కింద సాక్షిగా నా సంతకం కావాలన్నారు. చూసి, తీరిగ్గా చదువుకుని, రేపు తెండి అని ఇంటికి ఇచ్చి పంపారు.

ఆ కాగితం మా భోజనాల బల్ల మీద పెట్టాను. మా ఆవిడ చదివింది. ఆమె నా ఆఫీసు కాగితాలు ఎప్పుడూ ముట్టుకునేది కాదు. ఆ రోజు ఎందుకు చదివిందో తెలియదు.

"ఈ దుండగులు ఎవరండీ?" అని అడిగింది.

"ఏసుపాదం వాళ్ళు."

"మీకు వడదెబ్బ తగిలిన రోజు మైళ్ళ దూరం భుజాన వేసుకు తెచ్చి అరుగు మీద పడుకోబెట్టిపోయాడు, ఆ ఏసుపాదమేనా?"

అవునన్నాను. ఆ మనిషికి ఆ రోజు మంచినీళ్ళు కూడా లోపలికి పిలిచి ఇవ్వలేదని ఆమె అంది. కాగితాన్ని తిరగేసి పెట్టి, అన్నం వడ్డించింది.

నేను సంతకం చెయ్యలేదు. ఇందులో వీరత్వం వెతక్కండి. చెయ్యను అని కూడా చెప్పలేదు. ఒంట్లో బాగాలేదని నాలుగు రోజులు సెలవు పెట్టాను. ఈలోపు కోటయ్య గారు తన పత్తి బేళ్ళ కోసం పైదాకా వెళ్ళి గోల పెట్టారు. దాంతో విచారణకు రాజధాని నుంచి ఒక అధికారిని పంపారు. ముప్పై ఇళ్ళు కూలితే రాని విచారణ బేళ్ళు తడిస్తే వచ్చింది.

ఆ అధికారి సన్నగా, జలుబుతో ముక్కు తుడుచుకుంటూ ఉండే మనిషి. పేట ట్రావెలర్స్ బంగళాలో కూర్చున్నారు. పక్కన దివాకరం గారు. బయట వరండాలో ఏసుపాదం, మిగతా నలుగురు. నన్ను పిలిచి అన్నిటికంటే ముందు ఫీల్డు పుస్తకం అడిగారు. ఆ పేజీ దగ్గర ఆగారు. కళ్ళజోడు తీసి తుడిచి మళ్ళీ పెట్టుకున్నారు. సిరా గీత కింద అక్షరాలు చక్కగా కనిపిస్తున్నాయి.

"అది ఈయన తొందరపాటుగా రాసి తరవాత సరిదిద్దుకున్నారు" అన్నారు దివాకరం గారు.

అధికారి నా వైపు చూశారు. "ఏది పొరపాటు? రాయటమా, కొట్టెయ్యటమా?"

"కొట్టెయ్యటం సార్."

"ఎవరు కొట్టెయ్యమన్నారు?"

"దివాకరం గారు చెప్పారు. కొట్టేసింది నేను. వాగు ఉందని నాకు తెలుసు సార్. గుర్తు చూశాను. గండి కొట్టడానికి ముందు వీళ్ళు నన్ను అడిగారు కూడా. నేను జవాబు చెప్పకుండా వెళ్ళిపోయాను."

దివాకరం గారు నన్ను చూడలేదు. కిటికీలోంచి బయట ఉన్న తన జీపును చూస్తూ కూర్చున్నారు. అధికారి అంతా రాసుకున్నారు. ముక్కు తుడుచుకుని, ఇంక వెళ్ళవచ్చు అన్నారు.

న్యాయం జరిగిన తీరు

కేసు ఎత్తేశారు. అయిదు ఖానాల వంతెన మంజూరైంది. నన్ను మందలించి పిడుగురాళ్ళకు బదిలీ చేశారు. దివాకరం గారికి ప్రమోషన్ వచ్చింది. వంతెన ప్రారంభానికి ఆయనే వచ్చి, ఇంజనీరు అన్నవాడు ప్రకృతికి ముందుగా చెవి ఒగ్గాలి అని అరగంట మాట్లాడారట. నేను వెళ్ళలేదు, విన్నవాళ్ళు చెప్పారు. బాగా మాట్లాడారట.

ఏసుపాదాన్ని మాత్రం తిరిగి తీసుకోలేదు. కేసు పోయినా, అనుమతి లేకుండా తవ్వినట్టు ఫైలులో ఉండిపోయింది. రెండుసార్లు రాశాను. రెండుసార్లూ 'పరిశీలనలో ఉంది' అని జవాబు వచ్చింది.

పిడుగురాళ్ళలో నాకు తగిన పనే ఇచ్చారు. సున్నపు బట్టీల దగ్గర వేపచెట్లు కూడా తెల్లగా ఉండేవి. రోడ్డు కోసం ఒక కొండను పటంలో గుర్తించమన్నారు. వెళ్ళి చూస్తే కొండ లేదు. సున్నపురాయి కోసం తవ్వేసిన గుంట ఉంది, అందులో పచ్చగా నీళ్ళు నిలిచి ఉన్నాయి. ఆ సంగతి రాస్తే అక్కడి పై అధికారి పాత పటం తీసి, "రికార్డు ప్రకారం కొండే" అన్నారు. ఈసారి నేను రాసింది కొట్టెయ్యలేదు. ఆయన దాన్ని ఇంకొకరి చేత కొట్టేయించారు. అంటే నా ఒక్కడి చేతిలో పెన్ను ఉంటే లోకం మారిపోదు. ఇది మీకు ముందే చెప్పడం మంచిది. అయినా మీ చేతిలో ఉన్నది మీ పెన్నే.

పాలెంలో

అరవైల చివర్లో మళ్ళీ పేట పని మీద వచ్చాను. అడుగులు మీటర్లయ్యాయి. మిల్లులు ఊరిని దాటి పొలాల్లోకి నడిచాయి. ఆ పది మైళ్ళ రోడ్డుకు మరొక రోడ్డు కలపాలని, మిల్లుల లారీలు ఊళ్ళోకి రాకుండా చుట్టూ తిప్పాలని ప్రయత్నం. వంతెన దగ్గర ఆగాను. అయిదు ఖానాల్లో రెండింటి ముందు కోటయ్య గారి కొత్త ప్రహరీ లేచింది. ఒకదాని కింద సైకిలు రిపేరు కొట్టు పెట్టారు.

పాలెం దగ్గర మట్టిపని జరుగుతోంది. పనివాళ్ళ మధ్య తలపాగాతో నిలబడి పురమాయిస్తున్న మేస్త్రీ ఏసుపాదం. జుట్టు నెరిసింది. గుర్తుపట్టి దగ్గరికి వచ్చాడు. ఎన్నో ఏళ్ళుగా మనసులో దిద్దుకున్న క్షమాపణ ఒకటి నా దగ్గర ఉంది. అది మొదలుపెట్టాను. సగంలో అతను చెయ్యి అడ్డం పెట్టాడు.

"మీరు ఆ రోజు బంగళాలో చెప్పబట్టి మేం జైలుకు పోలేదండి. అది మర్చిపోను. ఆ మాటే ముందు చెప్పుంటే మా అమ్మ నడిచేది. అది కూడా మర్చిపోలేను."

కోపంగా అనలేదు. మేకు ఎక్కడ కొట్టాలో చెప్పినంత మామూలుగా అన్నాడు. నేను మిగతా సగం మింగేశాను. "రండి, అమ్మను చూద్దురు గాని" అన్నాడు.

ఇప్పుడు వాళ్ళది సిమెంటు గోడల ఇల్లు. సువార్తమ్మ నులకమంచం మీద గోడకు ఆనుకుని కూర్చుని, ఒడిలో చేట పెట్టుకుని మిరపకాయల తొడిమలు తీస్తోంది. నాకు మంచం పక్కన పీట వేశారు. మొదటిసారి వాళ్ళింట్లో కూర్చున్నాను, ఇచ్చిన టీ తాగాను. ఆమె చూపు తగ్గినట్టుంది, నన్ను పోల్చుకోవడానికి కాస్త సమయం పట్టింది.

"మళ్ళీ ఏదన్నా రోడ్డు గీయను వచ్చారా బాబుగారూ?" అంది.

అవునన్నాను. ఎటునుంచి ఎటో చెప్పాను. తొడిమలు తీస్తున్న చేతులు ఆగాయి. తూర్పున మిల్లు వెనక పల్లం ఒకటి ఉందని, దాని జోలికి పోవద్దని, చింతల తోపు పక్కనుంచి పోతే మెరకేనని, దాటాక మూడు చేలకు అవతల ఊట ఉంటుందని, అక్కడ మట్టి ఎంత పోసినా మింగుద్దని ఒక్కొక్కటే వేళ్ళు మడుస్తూ చెప్పుకుపోయింది. లేచి నడవలేని మనిషి ఆ నేలంతా అడుగడుగునా నడిచి చూపిస్తోంది. నేను టీ గ్లాసు చేతిలో పట్టుకుని అలాగే వింటూ ఉండిపోయాను.

ఆమె మధ్యలో ఆగింది.

"అట్టా చూస్తారేందండీ, రాసుకోండి" అంది.